అల్లుడుగారని పేరు పెట్టిన డ్రమ్ము

ఫిబ్రవరి 3

సీసాల అమ్మాయికి,

ఇందుమూలంగా మన బంధువర్గం యావన్మందికీ తెలియజేయడమేమనగా: అద్దకం షెడ్డు స్టోరు గదిలో ఇరవై మూడు సంవత్సరాలు నా బరువు మోసిన మూడుకాళ్ళ స్టూలు నిన్న ఉదయం పదకొండు గంటల పది నిమిషాలకు, టీ గ్లాసు నా చేతిలో ఉండగా, రెండుకాళ్ళ స్టూలుగా మారినది. ఈ దుర్ఘటనలో టీ పూర్తిగానూ, నా పరువు పాక్షికంగానూ నష్టపోయినవి. ఖాళీ అయిన పదవిలో కొత్త స్టూలు నియమింపబడేవరకు స్టోరుకీపరు సబ్బు డబ్బా మీద కూర్చొనును. దీనిపై ఎవరికైనా అభ్యంతరాలున్నచో తమ దగ్గరే ఉంచుకొనవలెను.

నవ్వావా? నవ్వకపోతే మళ్ళీ మొదటినుంచి చదువు.

ఇక అసలు సంగతి. మా షెడ్డుకి కొత్త మేనేజరు వచ్చాడు. కుర్రాడే. మనిషికంటే కళ్ళజోడు ఒక నిమిషం ముందు వస్తుంది. వచ్చిన మూడోరోజే స్టోరు చూశాడు. నా సంగతి నీకు తెలుసు కదా, కాస్టిక్ సోడాని అత్తగారంటాను, ఎందుకంటే ముట్టుకుంటే కాలుతుంది. నురుగు సబ్బుని తోడికోడలంటాను, ఎంత కడిగినా పోదు. షెడ్డులో అందరూ ఇదే భాష. "అత్తగారు రెండు కిలోలు" అని చీటీ పంపితే నేను తూకం వేసి ఇచ్చేస్తాను. కళ్ళజోడు ఆ చీటీలు చదివి చెమట తుడుచుకున్నాడు.

"ఇదేం స్టోరండీ, పెళ్ళివారి విడిదిలా ఉంది!" అన్నాడు.

"విడిదిలో అయితే ఇంత శుభ్రంగా ఉండదు సార్" అన్నాను.

నోరు ఊరుకోదు కదా! దాని ఫలితం: మార్చి పదో తారీకున నేను ఆయన ముందు నిలబడి, స్టోరులో ప్రతి డ్రమ్మునీ దాని అసలు పేరుతో పిలిచి, ఆ పేరుకి అర్థం ఏమిటో, ఆ సరుకు దేనికి వాడతారో, ఎలా దాచాలో చెప్పాలి. చెప్పలేకపోతే తాళాలు ఇచ్చేసి, నూలు మూటలు ఎత్తే పనికి పోవాలి. నలభై తొమ్మిదేళ్ళ నడుముతో మూటలు! నా నడుముని అడిగాను, ససేమిరా అంది.

చాలావాటి పేర్లు బట్టీ పట్టేశాను. ఒక్కటి మాత్రం కొరుకుడు పడడంలేదు. కొత్తగా వచ్చిన డ్రమ్ముల మీద "సోడియం డైథయోనైట్" అని ఉంది. తెల్లపొడి, ఘాటు వాసన. ఇది కొత్త సరుకా, లేక మన పాత హైడ్రోసే కొత్త చొక్కా తొడుక్కొచ్చిందా? నేను చదివింది ఏడో తరగతి, అదీ లెక్కల మేష్టారు దయతలచి. నువ్వు ఆ బట్టల పరీక్షల ల్యాబులో ఇవే కదా కలుపుతుంటావు. కాస్త విప్పి చెప్పు.

మీ అత్తయ్య నిన్ను అడిగానని చెప్పమంది. నేను చెప్పనన్నాను. చెప్పానని చెప్పకు.

కూర్చునే చోటు లేని నీ
మామయ్య

ఫిబ్రవరి 11

మామయ్యా,

అది కొత్త సరుకు కాదు. హైడ్రోసే. రెండు పేర్లూ ఒకే పొడివి. తడి తగలనివ్వకు.

మిగతావి మీ మేనేజరునే అడుగు. నన్ను ఇంకేమీ అడగొద్దు, ముఖ్యంగా ఆ పొడి గురించి.

నేను బాగానే ఉన్నాను. సెలవులో ఉన్నాను. అమ్మతో అంతే చెప్పు.

నీ మేనకోడలు

ఫిబ్రవరి 16

శ్రీమతి మహారాజశ్రీ పెద్ద చదువుల వారికి,

తమరి ఉత్తరం అందింది. నాలుగు ముక్కలు. టెలిగ్రామ్‌కి కూడా ఇంతకంటే ఎక్కువ మాటలు రాసేవారు. ఏడో తరగతి వాడికి అంతకంటే చెప్తే అరగదని కాబోలు.

అమ్మాయ్, నీకు గుర్తుందో లేదో. నీకు ఎనిమిదేళ్ళప్పుడు సెలవులకి మా ఇంటికొచ్చి, షెడ్డు చూపించమని నా చొక్కా పట్టుకుని లాగి గుండీ ఊడగొట్టావు. నీలిచేతుల మేస్త్రి నిన్ను తొట్టి పక్కన ఇటుకల మీద నిలబెట్టాడు. మోచేతులదాకా నీలం, నవ్వితే పళ్ళు మాత్రం తెలుపు. నూలు పోగుల చిలప తొట్టిలోంచి పైకి తీస్తే పచ్చి మామిడికాయ రంగులో ఉంది. "మోసం! నీలం అన్నారు!" అని గోల చేశావు. మేస్త్రి "అంకెలు లెక్కపెట్టమ్మా" అన్నాడు. నువ్వు లెక్కపెడుతుండగానే చిలప గాలికి ముదురాకుపచ్చయి, ఆపైన నీలమైపోయింది. తెరుచుకున్న నీ నోరు మళ్ళీ మూతపడలేదు. ఆ రోజంతా "ఎందుకు మామయ్యా, ఎందుకు?" అంటూ నా ప్రాణం తోడేశావు. నాకు తెలిస్తే కదా. "అందులో హైడ్రోస్ వేస్తాం, అందుకు" అన్నాను. అంతకుమించి రెండో ముక్క నాకూ తెలియదు.

నా దగ్గర నేర్చుకున్న ఒక్క మాటతో బయలుదేరి అంత చదువు చదివావు. ఇవాళ నేను తిరిగి అదే ప్రశ్న అడిగితే "మేనేజరుని అడుగు" అంటావా? సెలవులో ఉన్నావట. అంటే తీరిక కూడా ఉంది. తీరిక ఉండీ రాయలేదంటే దాన్ని ఏమంటారో నేను రాయను, మీ అమ్మ ఈ ఉత్తరం చూసినా చూస్తుంది.

మీ అత్తయ్య ఈ ఉత్తరం చదివి, "పిల్ల ఎందుకలా రాసిందో కనుక్కోవాలిగానీ దెప్పుతారేంటి?" అంది. ఆవిడ ఎప్పుడూ నీ పార్టీయే. నేను మాత్రం దెప్పడం పూర్తిచేశాకే కనుక్కుంటాను. పూర్తయింది. ఇప్పుడు అడుగుతున్నాను. ఏమైంది?

ఇంకా సబ్బు డబ్బా మీదే ఉన్న
మామయ్య

ఫిబ్రవరి 24

మామయ్యా,

నీ ఉత్తరం చదివి ఏడ్చాను. తర్వాత టెలిగ్రామ్ మాట దగ్గర నవ్వొచ్చింది. ఎవరైనా చూస్తే పిచ్చనుకునేవాళ్ళు.

ముందు నువ్వడిగింది చెప్తాను. నీ తాళాలు పోకూడదు.

ఆ పేరు పేరు కాదు మామయ్యా, లోపల ఏముందో చెప్పే చిరునామా. డై అంటే రెండు. థయో అంటే గంధకం, గ్రీకు మాట. అంటే రెండు గంధకాలు. చివర ఐట్ అని ఉంది చూశావా, అది ఆక్సిజన్ సంగతి చెప్తుంది. ఏట్ అని ముగిస్తే ఆక్సిజన్ ఎక్కువ ఉన్నట్టు, ఐట్ అంటే తక్కువ ఉన్నట్టు. అంటే ఈ పొడి ఆకలి మీద ఉంది. ఎదుటివాళ్ళ దగ్గర ఆక్సిజన్ కనిపిస్తే లాగేసుకుంటుంది. నేను ఎనిమిదేళ్ళప్పుడు అడిగిన ప్రశ్నకి జవాబు కూడా ఇదే. నీలిమందు మామూలుగా నీళ్ళలో కరగదు. కాస్టిక్ కలిపిన తొట్టిలో ఈ పొడి వేస్తే, అది నీలిమందు దగ్గరున్న ఆక్సిజన్ లాక్కుంటుంది. అప్పుడు నీలిమందు రంగు పోగొట్టుకుని, కరిగి, నూలులోపలికి దూరుతుంది. పైకి తీశాక గాలిలోని ఆక్సిజన్ తగిలి మళ్ళీ నీలమై నూలులోనే ఉండిపోతుంది.

హైడ్రోస్ అన్నది హైడ్రోసల్ఫైట్ అనే పాత పేరుకి ముద్దుపేరు. ఆ పాత పేరు పొరపాటు పేరు. అందులో హైడ్రోజన్ లేనేలేదు. ఉందనుకుని పెట్టారు, అలా ఉండిపోయింది.

దాచే పద్ధతి: మూత గట్టిగా, పొడిగా, చల్లగా. పొడిని ఎక్కువ నీళ్ళలో వెయ్యాలి, పొడి మీద నీళ్ళు చిలకరించకూడదు. కొంచెం తడి తగిలితే లోపల్లోపల వేడెక్కి తనంతట తానే అంటుకుంటుంది. తడిగుడ్డతో తుడవకూడదు. తడిగుడ్డతో తుడవకూడదు మామయ్యా. రెండుసార్లు రాశానని నవ్వకు.

మా ల్యాబులో సామాన్లు కడిగే పెద్దాయన ఉన్నాడు. అందరం బాబాయ్ అంటాం. ఆయనకి ఇంగ్లీషు రాదు, కానీ గోడమీది పట్టికలో ఏ పేరుకి ఎదురుగా ఎర్రచుక్క ఉందో ఒక్కొక్క అక్షరం పోల్చుకుని చూస్తాడు. ఎర్రచుక్క ఉంటే తడిగుడ్డ వాడడు. పద్నాలుగేళ్ళుగా అదే పద్ధతి, ఒక్కసారి తప్పలేదు.

జనవరిలో ఒకరోజు హడావుడిలో పెద్ద డబ్బాలోంచి ఆ పొడిని చిన్న సీసాలోకి తీశాను. సీసా మీద మార్కరుతో ఇంగ్లీషులో "హైడ్రోస్" అని రాశాను. చెయ్యి దానంతటదే రాసింది. ఎనిమిదేళ్ళప్పటినుంచి నాకు దాని పేరు అదే కదా. కానీ గోడమీది పట్టికలో ఉన్నది సోడియం డైథయోనైట్. బల్లమీద పొడి ఒలికింది. బాబాయ్ సీసా మీది పేరు చూశాడు, పట్టిక చూశాడు, ఆ పేరు అందులో లేదు. లేదంటే ప్రమాదం లేదనుకుని తడిగుడ్డతో తుడిచి, గుడ్డని కాగితాల బుట్టలో వేశాడు. పది నిమిషాలకి బుట్టలోంచి పొగ. పక్కనే నా పుస్తకాలున్నాయని ఆయన చేతులు పెట్టి బుట్ట లాగాడు.

కుడిచేతి రెండు వేళ్ళు ఇంకా వంగడంలేదు మామయ్యా. నన్ను ఎవరూ ఏమీ అనలేదు. అదే భరించలేకపోతున్నాను. ఐదు వారాలుగా గదిలో కూర్చున్నాను. ఉద్యోగం మానేస్తున్నట్టు రాసిన కాగితం సొరుగులో ఉంది. ఆయన్ని చూడ్డానికి వెళ్ళలేదు. వెళ్ళే ముఖం లేదు.

ఇప్పుడు తెలిసిందా ఎందుకు నాలుగు ముక్కలే రాశానో?

నీ మేనకోడలు

మార్చి 2

బంగారు తల్లీ,

దెప్పినందుకు నా నోటిమీద నేనే కొట్టుకున్నాను. మీ అత్తయ్య "మెల్లగా కొట్టుకున్నారు, మళ్ళీ కొట్టుకోండి" అంది.

ఆ సొరుగులో కాగితం అక్కడే ఉండనీ. దానికి తాళం వెయ్యి. తాళం ఎలా వెయ్యాలో తెలియకపోతే నన్నడుగు, నాకొచ్చిన విద్య అదొక్కటే.

ఇప్పుడు నీకొక సంగతి చెప్తాను. మీ అత్తయ్యకి కూడా పూర్తిగా తెలియదు. స్టోరులో ప్రతిదానికీ ముద్దుపేరు ఉంది కదా, హైడ్రోస్‌కి మాత్రం ఎందుకు లేదో నువ్వెప్పుడూ అడగలేదు. ఒకప్పుడు ఉండేది. దాన్ని అల్లుడుగారు అనేవాణ్ణి. కొంచెం మర్యాద చేస్తే మండిపడతాడు, నిలువునా ముంచితే చల్లబడతాడు. నాకే తెగ నచ్చేసింది ఈ జోకు. అట్టముక్క మీద పెద్ద అక్షరాలతో "అల్లుడుగారు" అని రాసి, మీసాలు కూడా గీసి, డ్రమ్ముకి అంటించాను. నవ్వని వాడు లేడు. నేను అంటించింది సరిగ్గా "తడి తగలనీయరాదు" అన్న హెచ్చరిక మీద. అది చూసుకోలేదు.

నువ్వు ఇటుకల మీద నిలబడి అంకెలు లెక్కపెట్టిన ఏడాదే, నువ్వు వెళ్ళిన రెండు నెలలకి. నీలిచేతుల మేస్త్రి సొంతంగా తూకం వేసుకుంటూ పొడి ఒలికించాడు. తొట్టిలో వేయడమే తప్ప స్టోరులో దాని వ్యవహారం ఆయనకేం తెలుసు? చేతిలో ఉన్న తడి దూదితో తుడిచి మూల డబ్బాలో వేశాడు. డబ్బానిండా నూలు చెత్త. తర్వాత కథ నీకు తెలిసినదే. ఆయన కుడిచెయ్యి. "మేస్త్రి ఏడీ?" అని నువ్వు మరుసటేడు అడిగితే, కూతురింటికి వెళ్ళిపోయాడని చెప్పాను కదా. ఎందుకు వెళ్ళాడో చెప్పలేదు. పిడికిలి బిగియని చేత్తో చిలపలు పిండలేడు.

నేను ఆస్పత్రికి వెళ్ళాను. మంచం పక్కన నిలబడి అంతా చెప్పేశాను: అట్టముక్క నాదే, హెచ్చరిక మూసేసింది నేనే. మేస్త్రి నా మొహంకేసి చూసి, ఆ తెల్లపళ్ళు బయటపెట్టి, "పేరు నువ్వు పెట్టావు, తడి నేను పెట్టాను. చెరిసగం. ఇంక ఏడవకు" అన్నాడు. అంతే. ఆ ఒక్క మాట పట్టుకుని ఇన్నేళ్ళూ అదే స్టోరులో పనిచేస్తున్నాను.

వెళ్ళు తల్లీ. బాబాయ్ దగ్గరికి వెళ్ళు. ముఖం లేకపోతే లేకుండానే వెళ్ళు, కాళ్ళుంటే చాలు.

నీ
మామయ్య

మార్చి 9

మామయ్యా,

నీ ఉత్తరం దిండుకింద పెట్టుకుని పడుకున్నాను. చిన్నప్పుడు నీ దగ్గరే అబద్ధాలు చెప్పడం నేర్చుకున్నాను, ఇప్పుడు నిజం చెప్పడం కూడా నీ దగ్గరే నేర్చుకుంటున్నాను.

"చెరిసగం." ఎంత మాట మామయ్యా! ఆ మేస్త్రి నన్ను ఇటుకల మీద నిలబెట్టిన మనిషేనని తెలిశాక ఆయన్ని చూడకుండా ఉండలేను. ఎక్కడుంటున్నాడు? చిరునామా పంపు. అలా అనడానికి ఆయనకి ఎన్ని రోజులు పట్టింది, మొదట కోపం రాలేదా, ఇవన్నీ ఆయన నోటితోనే వినాలి. పాత కాలిన మచ్చలు బిగుసుకోకుండా రాసుకునే లేపనం ఒకటి ఈ ఉత్తరంతోపాటు పంపుతున్నాను. బాబాయ్‌కి డాక్టరు రాసిందే. మేస్త్రికి నీ చేత్తో ఇవ్వు.

నేను రేపు బాబాయ్ ఇంటికి వెళ్తున్నాను. రేపే నీ పరీక్ష కూడా. ఇద్దరం ఒకేరోజు నిలబడుతున్నాం. డై, థయో, ఐట్. మర్చిపోయి ఉండవులే, ఇది నీకు అందేసరికి పరీక్ష అయిపోతుంది.

నీ మేనకోడలు

మార్చి 14

సీసాల అమ్మాయికి,

ఇందుమూలంగా తెలియజేయడమేమనగా, తాళాలు నా మొలలోనే ఉన్నవి. కొత్త స్టూలు కూడా వచ్చినది. నాలుగు కాళ్ళు! ఇంత హోదా నేను తట్టుకోగలనో లేదో.

కళ్ళజోడు వరసగా అడుగుతూ వచ్చాడు. అత్తగారి దగ్గర తడబడ్డాను, తోడికోడలి దగ్గర తేరుకున్నాను. ఆఖరికి ఆ డ్రమ్ము ముందు నిలబడ్డాం.

"డై?"

"రెండు సార్."

"థయో?"

"గంధకం. గ్రీకువాళ్ళ భాష." గ్రీకు అనేసరికి కళ్ళజోడు ముక్కు మీదికి జారింది.

"ఐట్?"

"కడుపునిండా ఆక్సిజన్ దొరకనివాడు సార్. పక్కవాడి పళ్ళెంలోంచి లాక్కుని తింటాడు. మన నీలిమందు పళ్ళెంలోంచే లాక్కుంటాడు. అందుకే నూలు తొట్టిలో పచ్చగా ఉండి, గాలికి నీలమవుతుంది."

ఆయన జారిన కళ్ళజోడు పైకి తోసుకున్నాడు. తర్వాత మెల్లగా, "ఇది నాకు కాలేజీలో ఇలా చెప్పుంటే బాగుండేది" అన్నాడు. పాపం, మంచి కుర్రాడే. ఇకమీదట హైడ్రోస్ అన్న మాటే స్టోరులో వినపడకూడదన్నాడు. అక్కడ మాత్రం నేను ఎదురుచెప్పాను. "వద్దు సార్, రెండు పేర్లూ రాయాలి. షెడ్డులోవాళ్ళ నోట్లో ఒకటుండి డ్రమ్ము మీద ఇంకొకటుంటే మధ్యలో ఎవడి చెయ్యో కాలుతుంది. రెండు పేర్లూ పక్కపక్కన, వాటికంటే పెద్ద అక్షరాలతో తడి సంగతి." ఒప్పుకున్నాడు. నిన్న నేనే రాసి అంటించాను. మీసాలు గీయలేదు.

మేస్త్రి సంగతి అడిగావు. ఆయనకి చూపు తగ్గింది, ఉత్తరం పంపితే చదివిపెట్టే మనిషి కావాలి, ఎందుకులే శ్రమ. లేపనం అందింది. అల్మారాలో జాగ్రత్తగా ఉంది.

బాబాయ్ ఇంట్లో ఏమైందో రాయలేదే?

నాలుగుకాళ్ళ
మామయ్య

మార్చి 22

మామయ్యా,

వెంటనే రాయలేకపోయాను. ఎందుకంటే నేననుకున్నట్టు జరగలేదు.

బాబాయ్ ఇల్లు మేడమీద ఒక గది. మెట్లమీదే ఎదురయ్యాడు, ఎడంచేత్తో కూరల సంచీ పట్టుకుని. లోపలికి రమ్మన్నాడు. నేను అంతా చెప్పాను. సీసా మీద పేరు నేనే రాశాను, పట్టికలో ఉన్న పేరు రాయలేదు, తప్పు నాది అన్నాను. ఆయన ఎడంచేత్తో సంచీలోంచి కూరలు ఒక్కొక్కటే తీసి పెడుతున్నాడు. అది చూస్తూ ఉండలేక నీ మేస్త్రి కథ చెప్పాను. చెరిసగం అన్న మాట కూడా.

ఆయన సంచీ పక్కకి జరిపి, "మీ మేస్త్రి గొప్పవాడమ్మా. నేనంత గొప్పవాణ్ణి కాను. నాకు కోపంగానే ఉంది. చొక్కా గుండీ పెట్టుకునేటప్పుడల్లా మీరు గుర్తొస్తున్నారు" అన్నాడు. తర్వాత సిగ్గుపడి, "అలా అనకూడదు, మనసు చిన్నది" అని తన్ను తాను తిట్టుకున్నాడు.

నేను లేచి వచ్చేస్తుంటే ఆపాడు. "ఆ సీసా మీద ఏం రాసుండాల్సిందో చెప్పండి, నేర్చుకుంటాను" అన్నాడు. కాగితం మీద తెలుగులో రాశాను. రెండు గంధకాలు, ఆక్సిజన్ కోసం ఆకలిగొన్న పొడి కథ, నీకు చెప్పినట్టే చెప్పాను. ఆయన నాలుగుసార్లు పైకి చదివాడు. తర్వాత, "మీరు పనిలోకి రాకపోతే ఆ సీసాల మీద పేర్లు ఎవరు రాస్తారు? కొత్తవాళ్ళొచ్చి ఇంకేం రాస్తారో" అన్నాడు. క్షమించానని మాత్రం అనలేదు.

సోమవారం పనిలోకి వెళ్ళాను. సొరుగులో కాగితం చింపేశాను. ఇప్పుడు ప్రతి సీసా మీదా రెండు పేర్లు తెలుగులో కూడా రాస్తున్నాం, బాబాయ్ ఎడంచేత్తో అంటిస్తున్నాడు. వంకరగా అంటిస్తాడు, నేనేమీ అనను.

ఒక్క ముల్లు మాత్రం మిగిలింది. మేస్త్రి అంత తేలిగ్గా అన్నమాట తాను అనలేకపోయానని బాబాయ్ తనని తాను తక్కువ చేసుకుంటున్నాడు. నిన్న మళ్ళీ అడిగాడు, "ఆయన నిజంగా మంచంమీదే అన్నాడా?" అని. అందుకే వచ్చే నెల మొదటి ఆదివారం నేను వస్తున్నాను. మేస్త్రి దగ్గరికి తీసుకెళ్ళు. ఆ మాట వెనకాల ఎంత బాధ ఉందో కనుక్కుని వచ్చి బాబాయ్‌కి చెప్పాలి.

నీ మేనకోడలు

మార్చి 28

అమ్మా,

ఈసారి ప్రకటన లేదు.

నీ లేపనం డబ్బా అల్మారాలో కొత్త స్టూలుకి సరిగ్గా ఎదురుగా ఉండేది. రెండు వారాలు దాని మొహం చూస్తూ కూర్చున్నాను. నీ ఉత్తరం వచ్చాక స్టూలు మీద కూర్చోలేకపోయాను. ఎక్కడో ఒక గదిలో చేతులు కాలిన పెద్దమనిషి, నా మూలంగా, తన మనసు చిన్నదని తిట్టుకుంటున్నాడు. ఇన్నేళ్ళలో నేనాడిన వేళాకోళాలకి చాలామంది ఉడుక్కున్నారు, ఇలా ఎవరూ కాలేదు.

ఆరోజు నేను ఆస్పత్రికి వెళ్ళలేదు. అందరూ మేస్త్రిని మోసుకుని బయటికి పరిగెడుతుంటే నేను స్టోరులోకి వెళ్ళి అట్టముక్క పీకి జేబులో పెట్టుకున్నాను. విచారణకి వచ్చినవాళ్ళు హెచ్చరిక శుభ్రంగా కనిపిస్తోందని చూసి, మేస్త్రిదే అజాగ్రత్త అని రాసుకుపోయారు. నేను పక్కనే నిలబడ్డాను. నాకెంత నోరుందో నీకు తెలుసు కదా, ఆరోజు ఒక్క మాట రాలేదు.

మేస్త్రి ఎక్కడో లేడు. షెడ్డుకి రెండు వీధుల అవతల, కూతురింట్లో ఉన్నాడు. పంతొమ్మిదేళ్ళుగా ఆ వీధిలోకి వెళ్ళకుండా సైకిలు షాపు వెనకనుంచి చుట్టూ తిరిగి పనికి పోతున్నాను. చూపు తగ్గిందన్నదీ నేను అల్లిందే. నాకంటే బాగా కనబడుతుంది ఆయనకి.

నిన్న సాయంత్రం పని అయ్యాక లేపనం జేబులో వేసుకుని ఆ వీధిలోకి తిరిగాను. మీ అత్తయ్య మలుపుదాకా వచ్చి, "నేనిక్కడే ఉంటాను, పారిపోతే కనిపిస్తారు" అని నిలబడింది. మేస్త్రి అరుగు మీద కూర్చుని ఉన్నాడు. చేతులకి నీలం పోయింది. నేను గుర్తుపట్టలేకపోయాను, ఆయనే "ఏరా స్టోరూ!" అన్నాడు.

నిలబడే చెప్పాను. అట్టముక్క, మీసాలు, జేబు, విచారణ, అంతా. మధ్యలో కూతురు టీ తెచ్చింది. నేను చెయ్యి చాపితే మేస్త్రి కూతురితో, "ఆ గ్లాసు అక్కడ పెట్టు. ముందు పూర్తిగా చెప్పనీ" అన్నాడు. పూర్తయ్యాక కూడా తీసుకోమనలేదు. టీ మీద మీగడ కట్టింది. ఆయన మొహం ఎర్రబడింది. తిడతాడనుకున్నాను. తిట్టాడు కూడా. అవి నీకు రాయను. ఆయన నోటివెంట నేనెప్పుడూ విననివి.

తిట్టడం అయ్యాక ఊపిరి తీసుకుని, "పంతొమ్మిదేళ్ళూ చుట్టూ తిరిగే పోయావా?" అన్నాడు.

"అవును."

"వానలో కూడా?"

"వానలో కూడా."

"ఎద్దులా తినేవాడివి, అయినా సన్నగానే ఉన్నావేమిటా అనుకున్నా."

ఇంక దాచేదేముందని నీ ఉత్తరాలు తీసి చదివి వినిపించాను. నువ్వు ల్యాబులో ఉన్నావంటే, "ఇటుకల మీద పిల్లేనా?" అని మోకాలు కొట్టుకున్నాడు. బాబాయ్ మాట దగ్గర, చొక్కా గుండీ సంగతి చదివినప్పుడు, తన గుండీలకేసి చూసుకున్నాడు. ఆయన కూతురే ఇప్పటికీ పెడుతుందట.

"ఆయన చెప్పిందే నిజం. అలాగే ఉంటుంది" అన్నాడు. "ఆ చెరిసగం ఎవడన్నాడు?"

"నువ్వే అన్నావని రాశాను."

"నేననలేదు. అనను కూడా. చెరిసగం ఏంట్రా నీ మొహం! ముప్పాతిక నీది."

నేను తల వంచుకుని నిలబడ్డాను. అప్పుడు లెక్క అందింది. ముప్పాతిక నాదైతే పావు తనమీద వేసుకున్నాడు. ఆ పావు నాకెందుకు తగ్గించాడో అడిగే ధైర్యం లేకపోయింది. ఆయన వంగని వేళ్ళతోనే టీ గ్లాసు నా వైపు తోశాడు. చల్లారిపోయింది. అంత బాగున్న టీ నేనెప్పుడూ తాగలేదు.

లేపనం మూత వాసన చూసి, "పిల్లని తీసుకురా. నూలు ఎందుకు నీలమవుతుందో నాకు చెప్పాలి, నలభై ఏళ్ళు ముంచానుగానీ నాకూ తెలియదు" అన్నాడు.

ఆదివారం రా. మేనేజరుకి కూడా అట్టముక్క సంగతి ఇవాళే చెప్పేశాను, పాత విచారణ కాగితం బయటికి తీసి మేస్త్రి పేరు మీద మచ్చ తీసేయమన్నాను. తీసేస్తాడట. తాళాల సంగతి ఆలోచించి చెప్తానన్నాడు. ఆలోచించుకోనీ. మూటలైనా ఎత్తుతాను, నడుము ఇవాళ కొంచెం తేలిగ్గానే ఉంది.

నువ్వు మాత్రం ముందు బాబాయ్ దగ్గరికి వెళ్ళి, నా మాటగా ఇది చదివి వినిపించు: అయ్యా, మీ మనసు చిన్నది కాదు. మంచంమీద పడుకుని నవ్వుతూ "చెరిసగం" అన్న మనిషి ఎక్కడా లేడు. ఆ ఒక్క మాట మొత్తం నేను స్టోరులో కూర్చుని పుట్టించింది.